నురుగు సొగసు

ఈ లోకమున నిలుకడ లేని వస్తువు నొకదానిని చూపుమనినచో మన పెద్దలు నీటిబుడగను చూపుదురు; లేదా నురుగును చూపుదురు. చప్పున లేచి చప్పున చల్లారు కోపమునకు పాలపొంగని పేరు పెట్టితిమి. సారము లేని ఆడంబరమును నురుగుతో పోల్చుచున్నాము. ఇట్లు నురుగునకు మన నోట ఎల్లప్పుడును చులకనయే కలుగుచున్నది. అయినను తెల్లవారినది మొదలు రాత్రి దీపమార్పువరకు గృహిణి చేతిమీదుగా నడచునంత నురుగు మఱియెవ్వరి చేతిమీదుగాను నడువదు గదా! దినమునకు పలుమారులు మన కన్నుల యెదుట పుట్టి, మన కన్నుల యెదుటనే గిట్టు ఈ వస్తువును గూర్చి ఒక్కసారి నిలిచి యోచించుట యుక్తమని తోచి, సోదరీమణుల కొఱకు ఈ నాలుగు మాటలు వ్రాయుచున్నాము.

ఇంటిలోని నురుగు

పాలు పితుకునపుడు ధార పడినకొలది నురుగు లేచి చెంబు అంచుదాక వచ్చును. నురుగుతో కొలిచిరా, నురుగు అణగిన పిదప కొలిచిరా యని కనిపెట్టి చూడని ఇల్లాలు పూర్వము ఉండెడిది కాదు. ఆ పాలే పొయ్యిమీద కాగునపుడు చాలసేపు ఏమియు ఎఱుగనట్లుండి, మనము ముఖము త్రిప్పిన క్షణముననే పొంగి పొయ్యిపాలగును. చల్ల చిలుకునపుడు కవ్వము చుట్టును తెల్లని నురుగు తిరుగుచుండును. ఆ నురుగు విఱిగి వెన్నపూసలు తేలినపుడే చేతికి విశ్రాంతి. పప్పు ఉడుకునపుడు తెట్టు కట్టును. దానిని గరిటెతో తీసి పాఱవేయుదుము. అన్నము ఉడుకునపుడు గంజి పొంగి మూతను లేపును. తలంటినాడు కుంకుడుకాయలను చితుకగొట్టి వేడినీటిలో పిసికినపుడు లేచు నురుగును చూచి పిల్లలు సంతోషింతురు. అది కంటిలో పడినపుడు ఏడ్తురు.

ఇక మినపపిండి మాట చెప్పవలెను. రోటిలో మినుములు నలిగినకొలది పిండి తెల్లబడి, తేలికబడి, నీటిలో వేసిన ముద్ద తేలునంత గుల్లయగును. రాత్రి పులిసి పొంగిన ఆ పిండిలో లెక్కలేనన్ని చిన్న బుడగలుండును. దానిని పళ్లెములలో పోసి ఆవిరిపై నుంచినచో ఆ బుడగలు అట్లే గట్టిపడును. మన ఇడ్డెన నిజముగా నిలిచిపోయిన నురుగే. అణగిపోవు వస్తువును అణగకుండ పట్టి పిల్లలకు పెట్టిన ఆ తొలి తల్లి పేరు ఏ గ్రంథమునను లేదు గాని, ఆమె చేసినది సామాన్యమైన పని కాదు.

నురుగనగా నేమి?

నముచి యను రాక్షసుని కథను పురాణశ్రవణమున వినియుందురు. తడి వస్తువుచేత గాని పొడి వస్తువుచేత గాని తనకు చావు లేదను వరగర్వముతో వాడు దేవతలను బాధించెను. ఇంద్రుని వజ్రాయుధము గూడ వాని కంఠమును కోయలేకపోయెను. అప్పుడు ఇంద్రుడు నురుగును చేతబట్టి వాని శిరస్సును ఖండించెనని భాగవతము అష్టమస్కంధమున చెప్పబడినది. నురుగు తడిదియు కాదు, పొడిదియు కాదు. ఈ కథ చెప్పినవారు నురుగు స్వభావమును బాగుగా గుర్తించిరనుటలో సందేహము లేదు.

నురుగులో ఎక్కువ భాగము గాలి. ఆ గాలిని చుట్టియుండునది పలుచని నీటిపొర. అయితే వట్టి మంచినీటిని ఎంత చిలికినను నురుగు నిలువదు. బుడగలు లేచినవి లేచినట్లే పగిలిపోవును. ఏలయనగా, నీటి పైభాగము సాగదీసి కట్టిన పొరవలె ఎప్పుడును ముడుచుకొనుటకే చూచుచుండును. దీనిని శాస్త్రజ్ఞులు తలతన్యత యందురు. కుంకుడుకాయలోని సపోనినులు గాని, సబ్బు గాని, పాలలోను పప్పులోను ఉండు మాంసకృత్తులు గాని నీటిలో చేరినపుడు వాని అణువులు పైకి వచ్చి ఆ బిగువును సడలించును. అప్పుడు పొర పగులక సాగును; గాలిని కొంతసేపు కౌగిలించుకొని యుండును. కావున నీటిలో మఱియొక వస్తువు కలిసియున్నదని నురుగు మనకు తెలుపుచున్నది. ఆ వస్తువు మేలుదా, కీడుదా యను విచారము తరువాతిది.

నురుగు తెల్లగా నుండుటయు చిత్రమే. విడిగా చూచిన నీటిపొరకు రంగు లేదు. కాని వేలకొలది పొరలు ఒకదానిమీద నొకటి చేరినపుడు వెలుతురు ఒక్కొక్క పొరకును తగిలి, చెదరి, నలుదిక్కులకును మరలును. అన్ని రంగులును కలిసి వచ్చుటచే మన కంటికి తెలుపే కనబడును. కంటికి ఆనునట్లు కనబడు పటికబెల్లపు పలుకును దంచినచో తెల్లని పొడియగుటకును కారణ మిదియే. ఇక ఒంటరిగా తేలుచున్న సబ్బుబుడగమీద ఇంద్రధనుస్సు రంగులు ఆడుచుండును. న్యూటను మహాశయుడు 1704లో ప్రకటించిన తన ‘ఆప్టిక్సు’ గ్రంథమున ఈ రంగులను గూర్చి వివరముగా వ్రాసెను. పొర పలుచబడినకొలది రంగులు మాఱును. చివరకు రంగులన్నియు పోయి నల్లని మచ్చ యొకటి కనబడును. అది కనబడిన పిదప బుడగకు ఆయువు చెల్లినట్లే.

నురుగు చావునకు కారణములు మూడు. పొరలలోని నీరు భారముచే క్రిందికి జాఱిపోవుట మొదటిది. చిన్నబుడగలలోని గాలి పొరల గుండ పెద్దబుడగలలోనికి చేరుటచే చిన్నవి నశించుట రెండవది. పలుచబడిన పొర చిట్టచివరకు తెగుట మూడవది. జిడ్డు తగిలినచో ఈ చావు మఱింత త్వరితముగా వచ్చును. నూనెబొట్టు పొరమీద వ్యాపించి దానిని చీల్చును. జిడ్డు గిన్నెలు ముంచినపుడు సబ్బునీటి నురుగు చప్పున అణగుట మన మందఱము చూచునదే.

అంట్ల నీటిలో శాస్త్రము

ఇట్టి విషయము లన్నియు ప్రయోగశాలలలోనే కనుగొనబడినవని తలపరాదు. జర్మనీ దేశమున బ్రౌన్‌ష్వైగు పట్టణమున ఆగ్నెస్ పొకెల్సు అను నామె యుండెను. ఆమె 1862లో జన్మించెను. అచ్చటి విశ్వవిద్యాలయములలో స్త్రీలకు ప్రవేశము లేని దినములవి. తలిదండ్రుల అనారోగ్యముచే ఇంటిపనియు వారి పరిచర్యయు ఆమె మీదనే పడినవి. అంట్లు కడుగు నీటిమీద జిడ్డును సబ్బును చేరినపుడు నీటి పైభాగము మాఱు విధమును ఆమె శ్రద్ధతో గమనించెను. ఒక తగరపు తొట్టిని, దానిపై అటునిటు జరుపుటకు వీలగు రేకును, చిన్న త్రాసునకు వ్రేలాడు బొత్తామును సాధనములుగా చేసికొని, నీటి తలతన్యతను కొలిచెను. భౌతికశాస్త్రము చదువుచున్న తమ్ముడు తెచ్చి యిచ్చిన పుస్తకములే ఆమెకు గురువులు.

పదియేండ్ల పరిశ్రమ పిదప 1891 జనవరిలో ఆమె తాను కనుగొన్న సంగతులను ఇంగ్లండులోని రేలీ ప్రభువునకు జాబుగా వ్రాసెను. ఆయన భార్య ఆ జాబును ఇంగ్లీషులోనికి మార్చెను. రేలీ ప్రభువు దానిని ‘నేచరు’ పత్రికకు పంపగా ఆ సంవత్సరమే అచ్చయ్యెను. తరువాతి శాస్త్రజ్ఞులు పలువురు ఆమె తొట్టి మార్గముననే నడచిరి. 1932లో, డెబ్బదియేండ్ల ప్రాయమున, బ్రౌన్‌ష్వైగు సాంకేతిక విద్యాలయము ఆమెను గౌరవ డాక్టరు పట్టముతో సన్మానించెను. వంటింటిలో కన్ను తెఱచి నిలిచిన వనితకు లోకజ్ఞాన మెంతవఱకు అందునో ఈమె చరిత్రము మనకు చూపుచున్నది.

అనకాపల్లి పెనములు

వంటింటి నురుగును చూచితిమి. ఇక నురుగును కనిపెట్టుటయే జీవనోపాయముగా గల చోటు నొకదానిని చూతము. శారదానది యొడ్డున నున్న అనకాపల్లి పేరు చెప్పగానే తెలుగువారి కెల్లరకును బెల్లము జ్ఞాపకము వచ్చును. చిరకాలము విశాఖపట్టణము జిల్లాలో నుండిన ఈ పట్టణము 2022 ఏప్రిలు 4వ తేదీనుండి తన పేరిటి జిల్లాకు ముఖ్యస్థాన మైనది. ఇచ్చటి బెల్లపు బజారు దేశమంతట ప్రసిద్ధమైనది. 1913లో ఇచ్చట స్థాపింపబడిన వ్యవసాయ పరిశోధనస్థానము చెరకును గూర్చియు బెల్లమును గూర్చియు పలువిధములైన పరిశోధనలు చేసినది. ఇప్పుడది ఆచార్య ఎన్. జి. రంగా వ్యవసాయ విశ్వవిద్యాలయమునకు చేరియున్నది.

చలి ముదిరిన నాటినుండి వేసవి తొలిదినములవరకు ఈ ప్రాంతపు పల్లెలలో గానుగలు ఆడుచుండును. ఒకప్పుడు ఎద్దులు త్రిప్పిన గానుగలను ఇప్పుడు యంత్రములు త్రిప్పుచున్నవి. గానుగనుండి వచ్చిన రసమును వడగట్టి వెడల్పైన పెనములో పోయుదురు. రసము తీయగా మిగిలిన పిప్పిని ఎండబెట్టి ఆ పొయ్యిలోనే మంటకు వాడుదురు. చెరకు తన రసమును తానే కాచుకొనుచున్నది!

ఆ పెనము ప్రక్కను మేము నిలిచి చూచినపుడు మాకు తెలిసినదేమనగా, బెల్లము వండుట యనగా నురుగును చదువుటయే. రసము కాగుచుండగా మొదట లేచు నురుగు ముఱికిగా, బూడిదవన్నెగా, దళసరిగా నుండును. రసములోని మాంసకృత్తులు వేడికి గడ్డకట్టి, మట్టిని, నలుసులను తమతో తీసికొని పైకి తేలును. దీనినే మడ్డి యందురు. సున్నపుతేట కలుపుటచే ఈ మడ్డి బాగుగా విడివడును. దేశమున పలుచోట్ల బెండమొక్కల కాండమును చితుకగొట్టి తీసిన జిగురును ఇందులకే వాడుదురు. మడ్డిని రసము తెర్లకముందే తీసివేయవలెను. ఆలస్యమైనచో తెర్లు రసము దానిని మరల లోనికి కలుపుకొనును. పిదప ఏ గరిటెయు దానిని తీయజాలదు. ఆ బెల్లము మాసినదగును; త్వరగా చెమ్మగిల్లును.

రెండవ నురుగు వేఱు. మడ్డి పోయిన పిదప రసము తెర్లుచు, తెల్లని పసుపువన్నె నురుగుతో పెనము అంచులకు ఎగబ్రాకును. ఇది తీయవలసిన నురుగు కాదు, అణపవలసిన నురుగు. పొంగి పొరలినచో రసము నేలపాలగును, దగ్గరనున్న వారికి ఒళ్లు కాలును. అప్పుడు కొన్ని చుక్కల నూనె వేయుదురు. అంతవఱకు కొండవలె లేచినది ఒక్క క్షణములో క్రుంగిపోవును. మనము పైన చెప్పిన జిడ్డు శాస్త్ర మిదియే. చదువుకొన్నవారు చెప్పకముందే పెనము కాచువారు దీని నెఱుగుదురు.

మూడవ నురుగు మిక్కిలి సొగసైనది. నీరు చాలవఱకు ఆవిరియై రసము చిక్కబడినపుడు బుడగలు చిన్నవై, బరువై, మెల్లగా లేచి మెల్లగా పగులును. పెనమంతయు బంగారువన్నె తిరుగును. అప్పుడు వేడి సుమారు 116 మొదలు 118 డిగ్రీల వఱకు ఉండును. కాని అచ్చట ఉష్ణమాపకము లుండుట అరుదు. బుడగ తీరును, దాని చప్పుడును, తెడ్డునుండి జాఱు తీగను చూచి, చల్లని నీటిలో పాకము నొక చుక్క వేసి ముద్దకట్టినదో లేదో నొక్కి చూచి నిర్ణయింతురు. ఒక్క నిమిషము ముందు దించిన బెల్లము జాఱును. ఒక్క నిమిషము తరువాత దించిన మాడును. దించిన పాకమును చల్లార్చి, త్రిప్పి, దిమ్మలు కట్టుదురు. నూఱు కిలోల చెరకునకు ఇంచుమించు పది కిలోల బెల్లము వచ్చును. మిగిలినది పిప్పియై మండినది, ఆవిరియై ఎగిరినది, నురుగై పోయినది.

నురుగు లేక బెల్లము లేదు. కాని నురుగు మిగిలినను బెల్లము లేదు. వచ్చి, తన పని చేసి, పోవుటయే దాని ధర్మము.

తెలుపుమీది మోజు

ఇచ్చటనే మన గృహిణులకు సంబంధించిన ముఖ్యవిషయ మొకటి కలదు. నురుగు తెల్లనిది, బెల్లము తెల్లనిది కాదు. చెరకురసమును శుభ్రముగా కాచిన బెల్లము సాధారణముగా బంగారువన్నె మొదలు ముదురు గోధుమవన్నె వఱకు ఉండును. కాని కొనువారి కన్ను తెలుపునకు మరిగినది. బజారులో లేతవన్నె దిమ్మకు ధర ఎక్కువ పలుకును. ముదురువన్నె దిమ్మకు తగ్గును. ఏడాది చెరకుతోటలో కష్టపడిన రైతు ఏమి చేయగలడు? పలుచోట్ల సోడియం హైడ్రోసల్ఫైటు అను రసాయనమును, వాడుకలో ‘హైడ్రోస్’ అనుదానిని, కాగుచున్న రసములో వేయుట అలవాటైనది. అది వేసినంతనే రసము వెలవెలబోవును.

ఈ రసాయనమువలన బెల్లములో గంధకపు ఆమ్లవాయువు అంశము మిగులును. అది ఉబ్బసము గలవారికి ముఖ్యముగా హానికరము. ఆహారచట్టము దీనికి హద్దు నిర్ణయించినది. వింత యేమనగా, ఇట్లు తెచ్చిన తెలుపు సయితము నిలువదు. నిలువజేసిన కొలది ఆ బెల్లము మరల నల్లబడును. క్షణభంగురమైన నురుగును ఎగతాళి చేయు మనము, కొలదిదినముల తెలుపునకై రూకలు ఎక్కువ యిచ్చి మందును కొని తెచ్చుకొనుచున్నాము!

లేతవన్నె బెల్లమంతయు మందు వేసినదని మా భావము కాదు. చెరకు జాతినిబట్టియు, నేలనుబట్టియు, వండినవారి నేర్పునుబట్టియు వన్నె మాఱుచుండును. అయితే అసహజమైన తెలుపును చూచి మురియుట మానవలెను. రసాయనము వేయక మడ్డిని ఓపికతో తీసి వండిన బెల్లమును అడిగి కొనవలెను. వన్నె ముదురుగా నున్నను ధర తగ్గింపుమని వేధింపరాదు. చెరకుసాగు అనకాపల్లి ప్రాంతమున నానాటికి తగ్గుచున్నది. కూలి ఖర్చులు పెరిగినవి. పలువురు రైతులు ఇతర పైరులకు మరలిరి. మిగిలియున్నవారు ఎట్టి బెల్లమును వండవలెనో నిర్ణయించునది తుదకు అంగడిలో దిమ్మను త్రిప్పి చూచు మన చూపే. సంక్రాంతి అరిసెలకు, దేవుని పరమాన్నమునకు, బాలింత కాయమునకు వాడు బెల్లమునకు తెలుపుతో నేమి పని?

చావని నురుగు

నురుగు నిలువదని నిందించువారు నిలిచిన నురుగును చూడలేదేమో! అనకాపల్లి జిల్లాలోనే పూడిమడక యొద్ద సముద్రతీరమునకు పోయి చూచినచో అలలు తెచ్చిన నురుగు ఇసుకపై తెల్లని అంచు వేసి, కాళ్లకు చల్లగా తగిలి, మఱు అల వచ్చులోపలనే ఇంకిపోవును. సముద్రములోని సూక్ష్మజీవులు, నాచులు విడిచిన పదార్థములను అలలు చిలుకుటచే అది పుట్టును, పుట్టినట్లే పోవును. అందుచే ఎన్ని యుగములు గడచినను తీరము తీరముగానే యున్నది.

రెండవ ప్రపంచయుద్ధము ముగిసిన పిదప పాశ్చాత్యదేశములలో సబ్బునకు బదులుగా డిటర్జెంటు పొడులు విరివిగా వాడుకలోనికి వచ్చినవి. సున్నపు అంశము గల చవిటినీటిలో సబ్బు నురుగు రాక విఱిగిపోవును. ఈ పొడులు అట్టి నీటిలోను నురుగునిచ్చును. గృహిణులు సంతోషించిరి. కాని తొలిదినముల డిటర్జెంటును నేలలోని, నీటిలోని సూక్ష్మజీవులు జీర్ణించుకొనలేకపోయినవి. ఇంటి తూములో మాయమైన నురుగు నదిలో మరల లేచెను. 1950 తరువాతి సంవత్సరములలో ఐరోపా, అమెరికా నదులమీద నురుగు కొండలు తేలెను. పశ్చిమ జర్మనీ 1961లో చట్టము చేసి, సూక్ష్మజీవులకు లోబడు డిటర్జెంటులనే 1964 నుండి వాడవలెనని శాసించినది. అమెరికాలోని తయారీదారులు 1965 నాటికి మార్పు చేసికొనిరి. ఆలోచింపుడు: చావగల నురుగును తయారుచేయుటకై శాస్త్రజ్ఞులు శ్రమపడవలసివచ్చినది!

మన దేశమునను ఈ బాధ తీఱలేదు. శుద్ధిచేయని మురుగునీరును డిటర్జెంటులును చేరుటచే బెంగుళూరు బెల్లందూరు చెఱువు నురుగు గట్టు దాటి వీధులలో ఎగిరినది. 2015లో ఆ నురుగు అంటుకొని మండినది కూడ. ఢిల్లీలో కార్తీకమాసపు ఛఠ్ పూజకై యమునలో దిగిన స్త్రీలు నడుములోతు తెల్లని నురుగులో నిలిచి సూర్యున కర్ఘ్యమిచ్చు చిత్రములను పలుసంవత్సరములు పత్రికలలో చూచితిమి. దూరమునుండి చూచినచో అది మంచువలె, పాలసముద్రమువలె సొగసుగనే కనబడును. అంతకంటె దుఃఖకరమైన సొగసు వేఱొకటి లేదు.

మన ఇంటి పని యిందు స్వల్పమే యైనను లేకపోలేదు. నురుగు ఎక్కువైనచో బట్ట ఎక్కువ తెల్లబడునను నమ్మకము సరియైనది కాదు. మురికిని విడదీయునది నీటిలో కరగిన సబ్బు. నురుగు దాని నీడ మాత్రమే. కావలసిన దానికంటె మించి పొడి వేసినచో జాడించుటకు నీరు ఎక్కువ పట్టును, బట్టలో జిగట మిగులును, తూముగుండ పోయిన శేషము చెఱువున చేరును. కొలిచి వేయుట మేలు. తలంటికి కుంకుడుకాయ మన అమ్మమ్మల నాటినుండి ఉన్నదే. దాని నురుగు నేలలో పడి నేలలోనే జీర్ణించును.

శంకరము కొండ

అనకాపల్లికి కొలదిదూరమున శంకరము అను గ్రామమున్నది. సంఘారామ మను మాట శంకరమైనదని పెద్దలు చెప్పుదురు. అచ్చటి బొజ్జన్నకొండ, లింగాలకొండలమీద రాతిలో తొలిచిన గుహలును, కొండరాతినే మలచిన స్తూపములును కలవు. గత శతాబ్దము తొలి దశాబ్దమున అలెగ్జాండరు రీ ఇచ్చట త్రవ్వకములు జరిపించెను. శతాబ్దములపాటు బౌద్ధభిక్షువులు ఈ కొండమీద నివసించి ధ్యానము చేసిరి.

ఆ భిక్షువుల మతగ్రంథమైన సంయుక్తనికాయమున నురుగును గూర్చిన సూత్ర మొకటి కలదు. గంగ యొడ్డున నుండగా బుద్ధుడు ప్రవాహమున కొట్టుకొనిపోవు నురుగుముద్దను ఉపమానముగా చెప్పి, ఈ శరీరమును దానితో పోల్చెనని అందున్నది. సుఖదుఃఖానుభవము వాననీటి బుడగ వంటిదట. తలపు ఎండమావి వంటిదట. సంకల్పములు పొరలు విప్పినకొలది చేవ కనబడని అరటిబోదె వంటివట. ఎఱుక ఇంద్రజాలము వంటిదట. ఇందు ఆయన నురుగును తిట్టలేదని మనము గమనింపవలెను. కన్నుగలవాడు దానిని నిదానించి చూడవలెనని మాత్రమే చెప్పెను. చూచినవానికి అది బోలుదని తెలియును; బోలుదని తెలిసినవాడు దానిని పట్టుకొని వ్రేలాడడు.

రాతిని నమ్మి స్తూపములు తొలిచినవారు నురుగును గూర్చి ధ్యానించిరి. స్తూపములు నేటికిని ఉన్నవి. వానిని తొలిచిన చేతులు లేవు. ఆ కొండచుట్టునున్న పల్లెలలో నేటికిని చలికాలమున పెనములమీద నురుగు లేచుచు అణగుచునే యున్నది.

సోదరీమణులారా! నురుగుతో వ్యవహరించుటలో మూడు విద్యలు కలవు. తీయవలసిన నురుగును వేళ మీఱకుండ తీసివేయుట ఒకటి. పప్పుమీది తెట్టు, రసముమీది మడ్డి అట్టివి. అణగవలసిన నురుగును అణగనిచ్చుట రెండవది; పాలపొంగు, ఇంటిలోని పెద్దల కోపము, పిల్లల అలుక అట్టివి. నిలుపదగిన నురుగును ఆవిరిపట్టి నిలుపుట మూడవది, ఇడ్డెన అట్టిది. ఏది ఏ జాతిదో గుర్తించుటయే నేర్పు. ఈ నేర్పు మన చేతులకు తరతరములుగా తెలిసినదే. దానిని అంగడిలో బెల్లపుదిమ్మ యెదుటను, బట్టలు నానబెట్టు తొట్టి యెదుటను గూడ మఱవకుందుము గాక!